రిస్పా చేతిలో వడిసెల

డాక్టర్ జయరాజ్ కోడుమూరుకు రావడానికి ఒప్పుకున్నాడని తెలిసిన రోజు నుంచి కృపమణికి ఆకలి పెరిగింది. మూడేళ్లుగా కంచం ముందు కూర్చుని మెతుకులు కెలికే మనిషి, ఆ వారం జొన్నరొట్టె మీద రొట్టె వేయించుకుని తిన్నది. ఆమెకు నలభై ఒకటో ఏడు. ఊళ్లో ప్రైవేటు బడిలో తెలుగు టీచరు, చర్చిలో స్త్రీల సమాజానికి కార్యదర్శి. సమాజం వార్షికోత్సవానికి జయరాజ్ సారును పిలుద్దామన్నది కూడా ఆమే. చదువు చెప్పిన గురువంటే ఎంత గౌరవమో చూడండని సంఘమంతా మెచ్చుకుంది. గౌరవమట, గౌరవం! ఆ పేరు చెవినబడితే ఆమెకు అరికాలి మంట నెత్తికెక్కుతుంది.

ఎందుకో చెప్పాలంటే ముందు రిస్పా సంగతి చెప్పాలి. బైబిలు రోజూ చదివేవాళ్లలో కూడా ఆమె ఎవరో చాలామందికి గుర్తుండదు. సౌలు రాజుకు ఉంపుడుగత్తె. సౌలు చచ్చిపోయాక, దావీదు ఏలుతున్న కాలంలో మూడేళ్లు వరసగా కరువొచ్చింది. సౌలు చేయించిన హత్యల పాపమే దేశాన్ని పట్టి పీడిస్తున్నదని తేలింది. చచ్చినవాణ్ణి ఏం చేస్తారు? అతని సంతానంలో ఏడుగురిని తెచ్చి దావీదు ఆ హతుల జాతివాళ్ల చేతుల్లో పెట్టాడు. వాళ్లు ఆ ఏడుగురినీ కొండమీద ఉరితీసి, శవాలను అట్లాగే వదిలేశారు. అందులో ఇద్దరు రిస్పా కొడుకులు. ఆమె రాతిమీద గోనెపట్ట పరుచుకుని కూర్చుంది. కోతలు మొదలైన నాటినుంచి వాన పడేదాకా పగలు పిట్టను వాలనివ్వలేదు, రాత్రి మృగాన్ని దగ్గరికి రానివ్వలేదు. ఇంతా చేసిన మనిషి నోట బైబిలులో ఒక్క మాట లేదు. అయ్యగార్ల ప్రసంగాల్లో ఎప్పుడైనా వచ్చినా ఓర్పుగల తల్లిగా వచ్చి, రెండు నిమిషాల్లో వెళ్లిపోతుంది.

కృపమణి తల్లి మార్తమ్మ చెప్పే రిస్పా అట్లాంటిది కాదు. మార్తమ్మ చదివింది అయిదో తరగతి. మిషను వాళ్ల కింద ముప్పై ఏళ్లు బైబిలు స్త్రీగా పనిచేసింది. అంటే ఊరూరా నడిచి, పేటల్లో ఆడవాళ్లను కూడేసి, బైబిలు కథలు నోటితో చెప్పే పని. కోడుమూరు చుట్టుపక్కల ఆమె కాలు పెట్టని పేట లేదు. వాన మొహం చాటేసిన ఏడు ఆమె తప్పకుండా రిస్పా కథే ఎత్తుకునేది. ఆ కథలో రిస్పా చేతిలో వడిసెల ఉంటుంది, జొన్నచేలో రాయి పెట్టి విసిరి పిట్టల్ని తోలే వడిసెల. గొర్రెలు కాసే రోజుల్లో దావీదు వడిసెలతోనే రాక్షసుణ్ణి కొట్టి పైకొచ్చాడు. ఇప్పుడు అదే వడిసెల చప్పుడు కొండమీద నుంచి పగలంతా కోటలోకి వినబడుతుంటే రాజుకు ముద్ద దిగడంలేదు. మార్తమ్మ ఆ మాట చెప్పి చెయ్యి తిప్పితే రాయి తమ మీదికే వస్తున్నట్టు కూర్చున్న ఆడవాళ్లు తల వంచుకునేవాళ్లు.

పన్నెండేళ్ల కిందట కృపమణి వేదాంత కళాశాలలో పై చదువుకు చేరి, పరిశోధనకు ఆ కథనే తీసుకుంది. తల్లి చెబుతుంటే ఫోనులో పట్టింది. పండితులు గ్రంథాలు ముందేసుకుని చేసే పనినే చదువులేని బైబిలు స్త్రీ పేట అరుగుల మీద ఎట్లా చేసిందో నూటనలభై పేజీలు రాసింది. ఎక్కడెక్కడ వాక్యముందో, ఎక్కడెక్కడ తల్లి సొంత మాట ఉందో పేజీ అడుగున వివరంగా పెట్టింది. వడిసెల బైబిలులో లేదు, మా అమ్మ కల్పన, అసలు విశేషమంతా అక్కడే ఉంది అని స్పష్టంగా రాసింది. ఆమెకు మార్గదర్శకుడు జయరాజ్. ఏడాదిపాటు కాగితాలు తన దగ్గరే పెట్టుకుని, చివరికి ముసలమ్మల ముచ్చట్లు పరిశోధన కావమ్మా అని నవ్వి వాపసిచ్చాడు. పట్టా రాలేదు. కృపమణి పెట్టె సర్దుకుని ఊరికొచ్చింది.

ఆరేళ్లు తిరిగేసరికి రిస్పా మీద జయరాజ్ పుస్తకం వచ్చింది. కొని తెరిచి చూస్తే ఏముంది, తన వాక్యాలే, తన తల్లి పలుకులే! పైన డాక్టరు గారి పేరు. మార్తమ్మ పేరు మచ్చుకైనా లేదు. మొదటి రోజు కృపమణి కుళ్లి కుళ్లి ఏడ్చింది. రెండో రోజు అరవై రెండో పేజీ దగ్గర ఏడుపు ఆగిపోయింది. మార్తమ్మ పేరు కనబడకూడదని ఆ మహానుభావుడు అడుగున ఉన్న వివరాలన్నీ గంపగుత్తగా పీకేశాడు. వాటితోపాటు వడిసెల బైబిలులో లేదన్న మాట కూడా పోయింది. ఆయన పాఠం చెప్పేది సంఘ చరిత్ర. సమూయేలు గ్రంథం ఎప్పుడో చిన్నప్పుడు చదివుంటాడు. తెరిచి చూసుకునే ఓపిక లేక, రిస్పా వడిసెల చేతబట్టిందని లేఖనమే సాక్ష్యమిస్తున్నది అని రాసేశాడు.

దొంగ సొత్తులోకల్లా ఆ వడిసెలే బాగా మెరిసింది. దాని మీద ఒక అధ్యాయం పెంచాడు. కడపలో కవులు వడిసెల పట్టిన రిస్పా మీద కవితలు రాశారు. సభల్లో సన్మానాలు చేశారు. ప్రసంగీకులు హీబ్రూ మూలంలో ఉందేమో అనుకుని ప్రసంగ వేదికల మీద వడిసెల తిప్పారు. ఒక్కరికీ బైబిలు తెరవాలని తోచలేదు. సంగతి తెలిసిన ఒకరిద్దరు స్నేహితులు కాలేజీకి ఫిర్యాదు రాయమని కృపమణికి చెప్పారు. ఆమె రాయలేదు. రాస్తే ఆయన తరువాతి ముద్రణలో ఒక ముక్క దిద్దుకుని దులుపుకుపోతాడు. పెరగనీ, ఇంకా పెరగనీ అనుకుంది. రెండో ముద్రణ వచ్చింది, అట్టమీద వడిసెల బొమ్మతో. వచ్చే నెల ఆయనను కాలేజీకి ప్రిన్సిపాలుగా నియమిస్తారని, ఎంపిక సంఘం పెద్ద ఏసేపు గారు ఈ మధ్య ఆయన వెంటే తిరుగుతున్నాడని తెలిసింది. ఆ ఇద్దరినీ కలిపే ఆహ్వానించింది. మూడేళ్లుగా ఆమె నోరెత్తలేదు కాబట్టి జయరాజ్ ధీమాగా ఒప్పుకున్నాడు.

తల్లికి మాత్రం ఇదేదీ చెప్పలేదు. చెబితే దేవుడే చూసుకుంటాడు, వదిలేయమంటుందని భయం. మార్తమ్మకు డెబ్బై ఎనిమిదేళ్లు. చూపు మందగించి పుస్తకాల జోలికి పోదు. ఇన్నేళ్ల నుంచి కృపమణి ఒళ్లంతా పగతో మండుతుంటే తల్లికి కీళ్లనొప్పులనే చెప్పుకుంటూ వచ్చింది.

వార్షికోత్సవం రోజు చర్చి నిండిపోయింది. ఉల్లిగడ్డల మార్కెట్టులో గ్రేడింగు పనికి పోయే ఆడవాళ్లంతా ఆ పూట కూలి మానుకుని వచ్చారు. మార్తమ్మను ముందు చాపమీద కూర్చోబెట్టారు. ఏటా జరిగే వాక్యం వెతికే పోటీని కృపమణి ఈసారి కావాలనే ప్రసంగం తరువాతకు మార్చింది. మూసిన బైబిలు రొమ్ముకు ఆనించుకుని అందరూ సిద్ధంగా ఉంటారు. అధ్యాయం, వచనం చెప్పగానే ముందుగా తీసినవాళ్లు లేచి చదవాలి. పలక పట్టిన నాటినుంచి ఆడుతున్న ఆట. కూలి చేతులేగానీ ఆ ఆడవాళ్ల వేళ్లు కాగితాల మీద పరుగెత్తుతాయి.

జయరాజ్ ముప్పావుగంట మాట్లాడాడు. మాట్లాడటం బాగానే వచ్చు ఆయనకు. గోనెపట్ట పరిచాడు, రాబందులను దించాడు, వడిసెల తిప్పాడు, చివరికి కోటలో రాజుకు ముద్ద దిగకుండా చేశాడు. ఆ మాట దగ్గరికి వచ్చేసరికి మార్తమ్మ పెదవులు కదులుతున్నాయి. ఆయన ఆగినచోట ఆమె ఆగుతోంది, ఎత్తుకున్నచోట ఎత్తుకుంటోంది. తరువాత మెల్లగా తల తిప్పి కూతురి వైపు చూసింది. ఇన్నాళ్లూ కృపమణి జయరాజ్ మొహం ఎట్లా మాడుతుందోనని కలలు కన్నదేగానీ, ఈ ముసలితల్లి ఇక్కడ కూర్చుని వినాలన్న ఆలోచన ఆమెకు తట్టనేలేదు. సిగ్గు వేసింది. అయినా వెనక్కి తగ్గలేదు.

చప్పట్లు ఆగాక ఆమె లేచి మైకు అందుకుని, పోటీలో ఒకటే వచనమని చెప్పింది. రెండవ సమూయేలు, ఇరవై ఒకటో అధ్యాయం, పదో వచనం. కాగితాలు గలగలమన్నాయి. మార్కెట్టులో ఉల్లిగడ్డలు ఏరే జెస్సీ అందరికంటే ముందు లేచి గడగడా చదివింది. గోనెపట్ట ఉంది, కొండ ఉంది, పిట్టలూ మృగాలూ ఉన్నాయి. చదవడం ముగించి, పైకీ కిందికీ మళ్లీ చూసుకుని, మొహం చిట్లించింది.

“అక్కా, ఇందులో వడిసెల లేదే? సారు చెప్పిన వడిసెల యాడుండాది?”

మిగతావాళ్లూ వెతికారు. ఒకామె ముందు అధ్యాయం, ఇంకొకామె వెనక అధ్యాయం తిరగేశారు. లేదు. కృపమణి జయరాజ్ పుస్తకంలో అరవై రెండో పేజీ తీసి, లేఖనమే సాక్ష్యమిస్తున్నదన్న ముక్కను మైకులో పైకి చదివింది. పుస్తకాన్ని తీసుకుపోయి జయరాజ్ ముందు పెట్టింది.

“ఏ వచనమో చూపించండి సార్. ఆడవాళ్లు వెతుకుతాండారు.”

జయరాజ్ నవ్వబోయి, మూలభాషలో ఆ ధ్వని ఉందన్నాడు. ఆ మాట ఏమిటో చెప్పమంటే చెప్పలేకపోయాడు. పక్కనున్న ఏసేపు గారు అప్పటికే బైబిలు తెరిచి వేలు పెట్టుకుని చదువుతున్నాడు. వాక్యానికి ఒక్క మాట కలిపినా శాపమని బైబిలు ఆఖరి పుటలో ఉందని అక్కడి చంటిపిల్లలకు కూడా తెలుసు. కలిపానని ఒప్పుకుంటే రేపటినుంచి ఏ సంఘమూ ఆయనను గడప ఎక్కనివ్వదు. కలపలేదంటే ఎక్కడినుంచి తెచ్చాడో చెప్పాలి. ఆ రెండు గోడల మధ్య ఇరుక్కుని చెమటలు కక్కుతున్న మనిషిని కృపమణి కళ్లారా చూసింది. ఒంట్లో మంట చల్లారింది, అట్లాంటి చల్లదనం ఇంతకుముందెప్పుడూ ఎరగదు. చివరికి ఆయన, ఈ ప్రాంతంలో వాడుకలో ఉన్న పాత కథనం ఒకటి ఉందనీ, దాన్నుంచి తీసుకున్నాననీ గొణిగాడు.

“ఎవరి నోట విన్నారు సార్?”

ఎవరో పల్లెవాళ్లు, పేరు గుర్తులేదన్నాడు జయరాజ్.

చాపమీద నుంచి మార్తమ్మ లేచింది. లేవడానికి కాసేపు పట్టింది. జెస్సీ చెయ్యి అందించబోతే వద్దంది.

“నా నోట. ఆ వడిసెల నాది. తొమ్మిదేండ్లప్పుడు రెడ్డోళ్ల జొన్నచేలో మంచెనెక్కి పిట్టల్ని తోలినా నేను. ఉత్త చేతుల్తో రాబందును తోలినోళ్లను యాడన్నా చూసినారా? బైబిలు రాసినాయనకు చేను కాపలా తెలీదు. అందుకే ఆయమ్మ చేతిలో నేను వడిసెల పెట్టినా. ఇది వాక్యం కాదు, నా మాట అని ప్రతి ఊర్లో ముందే చెప్పి మరీ పెట్టినా.”

మా ఊర్లోనూ అట్లే చెప్పిందని వెనకనుంచి ఒక ముసలామె అంది. తరువాత ఇంకొకామె, ఆ తరువాత నలుగురు. కృపమణి సంచిలోనుంచి తన పాత కాగితాలు తీసి ఏసేపు గారి చేతిలో పెట్టింది. ఆయన నాలుగు పేజీలు తిప్పాడు, పుస్తకంతో పక్కపక్కన పెట్టి చూశాడు, ఫోను తీసుకుని బయటికి నడిచాడు. తలుపు దగ్గర ఎవరితోనో వచ్చే నెల సంగతి ఆపమని చెబుతున్నది లోపలికి వినబడింది.

మార్తమ్మ కూతురి దగ్గరికి వచ్చి గొంతు తగ్గించింది. “ఎన్నాళ్లాయ నీకు తెలిసి?”

“మూడేండ్లు. నువ్వు వదిలేయమంటావని చెప్పలేదమ్మా.”

“నేనా?” అంది మార్తమ్మ. కూతురిని ఎగాదిగా చూసింది. “నన్ను అంత మంచిదాన్ననుకుంటివా? ముందే చెప్పింటే మూడేండ్లు ఆగనిచ్చేదాన్నా?”

ఈలోగా జయరాజ్ వేదిక దిగి వచ్చాడు. ఎంతైనా మాటకారి. చేతులు జోడించి, కళ్లు తుడుచుకుని, తల్లిలాంటిదానివి, పొరపాటయింది, క్షమించమ్మా అన్నాడు. సంఘ కాపరి హెన్రీ అయ్యగారికి ప్రాణం లేచొచ్చింది. ఊరి పరువు పోతోందని ఇందాకటినుంచి ఆయన తల్లడిల్లుతున్నాడు. క్షమించానని మార్తమ్మ ఒక్క మాట అంటే ప్రార్థన చేసి ముగిద్దాం, క్రైస్తవులం కదా అని బతిమాలాడు. అందరూ మార్తమ్మ వైపే చూశారు. ఆమె అనేస్తుందేమోనని కృపమణి భయపడింది. అనేస్తే జయరాజ్ కన్నీళ్లు తుడుచుకుని, కాఫీ తాగి, కారెక్కుతాడు. రేపు ఎంపిక సంఘం ముందు ఆ క్షమాపణనే చూపించుకుంటాడు.

మార్తమ్మ చాప దగ్గరికి తిరిగి నడిచింది. కూర్చుని, కాళ్లు చాపుకుని, కొంగు సర్దుకుంది.

“అయ్యగారూ, రిస్పా దావీదు రాజును చెమించినట్టు ఆ అధ్యాయంలో యాడన్నా ఉండాదా? ఆడోళ్ల చేతుల్లో బైబిళ్లు తెరిచే ఉండాయి. వెతకమనండి. దొరికితే నేనూ చెమిస్తా.”

ఎవరూ చెప్పకుండానే జెస్సీ పదో వచనం మీద వేలు పెట్టి చదవడం మొదలుపెట్టింది. పదకొండు, పన్నెండు, పదమూడు, పద్నాలుగు. మిగతావాళ్లూ తలలు వంచి వేళ్లు జరిపారు. ఎముకలు ఏరి పాతిపెట్టారు, దేశం మీద దేవుడు మనసు మార్చుకున్నాడు. ఆ తరువాత యుద్ధాల సంగతితో అధ్యాయం కూడా అయిపోయింది. పోటీలో దొరికినవాళ్లు లేచి నిలబడాలి. ఎవరూ లేవలేదు. చర్చి మొత్తంలో చేతులు జోడించుకుని నిలబడి ఉన్నది జయరాజ్ ఒక్కడే. ఆయనను కూర్చోమని ఎవరూ అనలేదు.

“నిదానంగా వెతకండమ్మా,” అంది మార్తమ్మ, “నాకేం తొందర లేదు.”