సిపాయిలను కూర్చోబెట్టిన పాట

మా మేడమ్ యాద్విగాకి, నాకు రోజూ తగువే. ఆవిడ పోలండ్‌లో పేరుమోసిన రంగస్థల నటి, గాయని. నేను పిఠాపురం నాటక సమాజంలో హార్మోనిస్టుని. సినిమాల దెబ్బకు మా నాటకాలు మూలపడ్డాక కువైట్ చేరి, మిష్రిఫ్‌లో ఆవిడ ఇంట్లో వంటవాణ్ణయ్యాను. కుక్కుటేశ్వరరావు అన్న పేరు అక్కడ ఎవరికీ నోరు తిరగక చివరికి రావు ఒక్కటే మిగిలింది. అక్కడి పనివాళ్లు ఇంటాయన్ని బాబా అనీ, ఇంటావిడని మామా అనీ పిలుస్తారు; నేను మాత్రం మేడమ్ అనేవాణ్ణి. వంట దగ్గర మాకు పేచీ లేదు. పేచీ అంతా కళ దగ్గరే.

హాల్లో పియానో ఉండేది. పొద్దున్నే తలుపులూ కిటికీలూ బిగించుకుని ఆవిడ సాధన చేసేది. నాకు స్వరజ్ఞానం ఉందని తెలిశాక పియానో ముందు నన్ను కూర్చోబెట్టింది. కుడిచెయ్యి బాగానే నడిచేది. ఎడమచెయ్యి మాత్రం గాలిలో ముందుకీ వెనక్కీ ఊగుతూ ఉండేది. మా సమాజంలో ఉన్నది చేతి హార్మోనియం. నా ఎడమచెయ్యి బుద్ధెరిగిన దగ్గర్నుంచీ తిత్తి కొట్టడం తప్ప మరో పని చేసింది గనకనా! "ఆ చేత్తో ఎవరికి విసురుతున్నావు?" అని ఆవిడ నెత్తి కొట్టుకునేది.

మనసు బాగున్న రోజున తన కథ ముక్కలు ముక్కలుగా చెప్పేది. వాళ్ల నాన్న క్రాకోవ్‌లో ఒక నాటకశాలకు దర్జీ. ఆవిడ బృందగానంలో వెనక వరసలో మొదలుపెట్టింది. ఒకనాడు కథానాయికకు గొంతు పోతే ఆ వేషం ఈవిడకి దక్కింది. సత్రం నడిపే ఆడమనిషి వేషం. యుద్ధం నుంచి వచ్చిన సిపాయిలు సత్రంలో పడి ఆగం చేస్తుంటే, చీపురు పుచ్చుకుని ఒక్క పాటతో వాళ్లచేత బూట్లు విప్పించి వరసగా కూర్చోబెడుతుంది. ఆ పాటతో ఆవిడ దేశమంతా తెలిసిపోయింది. కువైట్ నుంచి చదువుకోడానికి వెళ్లిన ముసాయిద్ గారు ఆ నాటకం చూసి, మళ్లీ చూసి, ఇక చూడ్డం మానలేక ఆవిడనే పెళ్లాడారు. ఆయన ఇంటివాళ్లు పెట్టిన షరతు ఒక్కటే. స్టేజీ ఎక్కకూడదు, పరాయివాళ్ల ముందు పాడకూడదు.

"ప్రేమలో ఉన్నప్పుడు మనిషి దేనికైనా తలూపుతుంది" అని నవ్వేది. అంత గొంతుని ఏసీ చప్పుడు కింద తొక్కిపెట్టుకోవడం నేనైతే చెయ్యగలిగేవాణ్ణి కాదు.

అలాగని తగువు మానేవాణ్ణి కాదు. మా నాటకాల్లో జనం వన్స్‌మోర్ అంటే, చచ్చిపడున్న పాత్ర కూడా లేచి పద్యం మళ్లీ పాడి మళ్లీ చస్తుందని ఒకసారి గొప్పగా చెప్పాను. ఆవిడ మొహం మాడ్చుకుంది.

"అది నాటకమా, సర్కసా? నాటకం నడుస్తుండగా నేను జన్మలో రెండోసారి పాడలేదు. పాడను."

"మీ జనం అడిగుండర్లెండి, మేడమ్" అన్నాను. ఆ వారమంతా నా కూరలకు వంకలు పెట్టింది.

1990 ఆగస్టులో ఇరాక్ సైన్యం కువైట్‌ని మింగేసింది. ముసాయిద్ గారు పోలీసు శాఖలో పెద్ద అధికారి. అలాంటివాళ్ల కోసం సైనికులు ఇల్లిల్లూ గాలిస్తున్నారు. పట్టుకుపోయినవాళ్ల కబురు మళ్లీ తెలియడం లేదు. ఆయన్ని వంటింటి పక్క స్టోరు గదిలో దాచాం. కూరగాయల వ్యాను నడిపే కడప సుభాన్, ఖాళీ బుట్టల కింద పడుకోబెట్టి సరిహద్దు దగ్గరి వఫ్రా తోటలకు చేరుస్తానన్నాడు. మధ్యాహ్నం వెనక సందులోకి బండి తెస్తానన్నాడు.

బండి కంటే ముందు సైనికులు వచ్చారు.

ముందు ఒక అధికారి, వెనక తుపాకులతో ఎండలో మాడిన సిపాయిలు. వంటింట్లో పనిచేసే రెడ్డెమ్మ నాకేసి చూసింది. "ఆయన బండెక్కాక టీ పట్రా. అప్పటిదాకా వీళ్లని ఇక్కడే కూకోబెడతాం" అని గొణిగి హాల్లోకి నడిచాను. ఆ మాట ఎలా నిలబెట్టుకోవాలో నాకే తెలియదు. టీ వస్తే ఆయన వెళ్లిపోయినట్టేనని మేడమ్‌కి మాత్రం చెవిలో వేశాను.

"నీ భర్త ఎక్కడ?" అన్నాడు అధికారి.

"ఊళ్లో లేడు."

పియానో మీద చీపురు పట్టుకున్న పడుచుపిల్ల ఫొటో ఉంది. అది తీసి, ఎవరని అడిగాడు. నేనే అంది. అతను ఆవిడని ఎగాదిగా చూసి పకపకా నవ్వాడు. "ఈ ముసలిదా!" అని సిపాయిలకు వంటింటి వైపు చెయ్యి చూపించాడు.

తెర వెనక బీడీ కాల్చుకుంటున్న మనిషి, తెర లేవగానే దుర్యోధనుడైపోవడం నేను ఎన్నోసార్లు చూశాను. అదే మళ్లీ చూశాను. మేడమ్ నడుం నిటారైంది.

"రావ్! పియానో!"

మూలనున్న చీపురు అందుకుని, వంటింటికి అడ్డంగా నిలబడి ఎత్తుకుంది. ఒక్క ముక్క ఎవరికీ అర్థం కాదు. కానీ తివాచీ మీది దుమ్ముబూట్లను చీపురుతో చూపిస్తుంటే అర్థం కానివాడు లేడు. ముందున్న సిపాయి తన బూట్లు చూసుకున్నాడు. ఆవిడ ఒక అడుగు వేసింది. వాడు చటుక్కున కూర్చుని లేసులు విప్పాడు. మిగిలినవాళ్లు గొల్లున నవ్వి తామూ కూలబడ్డారు. నిలబడే ఉన్న అధికారి కోసం కుర్చీ లాగి, దాన్ని చీపురుతో రెండుసార్లు తట్టింది. అతనూ కూర్చున్నాడు. అప్పుడు పాడుతూ పాడుతూ వీధి కిటికీ వైపు జరిగింది. అందరి మొహాలూ అటు తిరిగాయి, వీపులు వంటింటికి. స్టేజీ ఎరిగిన మనిషి చేసే పని అది!

గొంతు చూద్దునా, గోడలు దాటిపోతోంది.

పాట అయిపోయింది. చప్పట్లు మోగాయి. టీ రాలేదు.

"ఖలాస్. యల్లా" అని, ఇక అయింది పదండన్నట్టు చెయ్యి ఊపుతూ అధికారి లేచాడు. సిపాయిలు బూట్ల కోసం తడుముకుంటున్నారు. ఏం చెయ్యాలో తోచక, తోచిందే చేశాను. పియానో ముందు నుంచి లేచి, పిఠాపురం నేలక్లాసు జనమంతా నా గొంతులో ఉన్నట్టు అరిచాను.

"వన్స్‌మోర్!"

మేడమ్ నన్ను నమిలేసేలా చూసింది. తర్వాత ఆవిడ చూపు వంటింటి గుమ్మం మీదికి వెళ్లింది. పళ్లెం లేదు. సిపాయిలకి నా మాట తెలియకపోయినా భావం తెలిసింది. వాళ్లూ చప్పట్లు కొట్టి కేకలేశారు. అధికారి చుట్టూ చూసి మళ్లీ కూర్చున్నాడు.

ఆవిడ తలెత్తుకుని, అప్పుడే సత్రంలోకి వస్తున్నదానిలా రెండోసారి ప్రవేశించింది.

ఇక నా వంతు. కృష్ణుడి కిరీటం దొరక్కపోతే జనాన్ని ఎలా పట్టి ఉంచాలో హార్మోనిస్టుకి ఒకరు చెప్పాలా? చరణానికీ చరణానికీ మధ్య మోహన రాగం సాగదీశాను. ఆవిడ ఒక్క క్షణం తడబడి, అందుకుంది! పోలండ్ పాటకు మోహన రాగంలో ఆలాపన తీస్తుంటే నా ఒళ్లు జలదరించింది. నా ఎడమచెయ్యి గాలిలో తిత్తి కొట్టేస్తోంది. ఆవిడ దాన్ని చీపురుతో ఒక్కటేసింది. సిపాయిలు అదీ నాటకమే అనుకుని పొట్టలు పట్టుకుని నవ్వారు.

అప్పుడు రెడ్డెమ్మ వచ్చింది. పళ్లెంలో కప్పులు గలగలలాడుతున్నాయి. మేడమ్ వాటిని చూసి, పాటను పైస్థాయికి ఎక్కించి, అక్కడే నిలబెట్టి, తనకి ఇష్టమైనప్పుడు దింపింది.

వాళ్లు టీ తాగారు, బూట్లు తొడుక్కున్నారు, వంటిల్లూ స్టోరూ వెతికారు. ఉల్లిపాయల బస్తాలు దొరికాయి. పోతూ పోతూ కారు పట్టుకుపోయారు. పాట మీది గౌరవం కారు దాకా రాలేదు.

తలుపు మూశానో లేదో, రెడ్డెమ్మ నేల మీద చతికిలబడింది.

"రావన్నా, సుభాన్ బండి మొదటి పాటకే వచ్చిండాది. ఈ బాబా కదిల్తే గదా! తలుపు సందులో నిలబడి ఇంటాండాడు. పోదాం రా బాబా అంటే, ఒక్క నిమిషం అంటాడు. కండ్లల్లో నీళ్లు కారతాండాయి. నువ్వు మళ్లా పాడించబట్టి సరిపాయ. రెక్క పట్టుకోని ఈడ్చకపోయి బండెక్కిచ్చినా!"

నేను మేడమ్‌కి చెప్పాను.

"ఏడ్చింది మొదటిదానికా, రెండోదానికా?" అంది.

"రెండింటికీనంట, మేడమ్."

అప్పుడు ఆవిడ చీపురుతో సహా సోఫాలో పడి, నవ్వుతూ ఏడ్చింది. భయం తీరినందుకు కొంతేమో గానీ, ఎక్కువ భాగం గెలిచినందుకే. నాకు తెలుసు, నేనూ స్టేజీ మనిషినే.

కొన్నాళ్లకు సుభాన్ మేడమ్‌కి కబురు తెచ్చాడు.

"బాబా బాగుండాడు మామా, సౌదీలో చేరినాడు. ఇంటికి రాంగానే ఈ హాలు తలుపులన్నీ తెరిపిస్తాడంట. అన్నదమ్ములందర్నీ పిలిచి, మీ పాట ఇనిపిస్తాడంట."

మేడమ్ పియానో మూత తెరుస్తూ, వెనక్కి తిరక్కుండానే జవాబిచ్చింది.

"హాల్లో పాడను. స్టేజీ మీద పాడతాను. టికెట్ కొనుక్కుని రమ్మను."

మరుసటి ఏడు, యుద్ధం ముగిశాక, ఆయన వరసలో నిలబడి టికెట్ కొనుక్కునే వచ్చారు.