బావికి ఊపిరి

నాలుగు నాళ్లు ఊళ్లో లేకపోతే చాలు, మానుకోటలో మన వీధిని మనమే గుర్తుపట్టలేం. నిన్నటి పత్తిచేను ఇవాళ ప్లాటు, రేపటికి మూడంతస్తులు. కింద ఏముండేదో అడిగే తీరిక ఎవడికుంది, పాడుగాను!

కేసముద్రం రోడ్డు పక్కన ఒక కొత్త ఇంటికి ఆ పొద్దున స్లాబు పోస్తున్నారు. ద్వాళి పైన మాలు తట్టలు అందిస్తోంది. ఆమె మొగుడు చత్రు సెంట్రింగ్ పనివాడు. స్లాబు పోసినంతసేపూ కిందే ఉండి, స్లాబును మోసే గుంజలు వదులైతే చెక్కలు కొట్టి బిగించాలి. గుంజ కదిలితే అందరూ బయటికి ఉరుకుతారు, చత్రు లోపలికి ఉరుకుతాడు. ద్వాళికి ఆ గుణమంటేనే భయం.

నీళ్లు తాగడానికి కిందికి దిగిన ద్వాళి ఉన్నచోటే ఆగిపోయింది. మూలన నేలలోంచి ఒక ఇనుప గొట్టం పైకి లేచి ఉంది. పాత బోరుదనుకుని, పొద్దున దానికే మొగుడి సద్ది సంచి తగిలించింది. అప్పుడు సంచి అడుగు మట్టికి ఆనింది. ఇప్పుడు సంచి కింద రెండు వేళ్ల సందుంది.

గొట్టం పెరగదు కదా! నేల దిగుతోంది. తండాలో బావి పూడ్చినప్పుడు, దానికి ఊపిరాడాలని ఆమె మామ అడుగుదాకా ఇట్లాంటి గొట్టమే నిలబెట్టాడు. పొద్దున కళ్లెదుటే ఉన్నా తట్టలేదు, మట్టి బుర్ర!

"దిగుండ్రి! కింద పూడ్చిన బావి ఉంది!" అని పైవాళ్లకు కేక పెట్టింది.

"స్లాబు నడుమ ఆపుతరా? అతుకు పడ్తది!" అని మేస్త్రీ సోమనర్సయ్య కసిరాడు. అంతలో కింద ఒక గుంజ కిర్రుమంది. "దిగుండ్రి, దిగుండ్రి!" అని ఆయనే అందరినీ తరిమాడు.

అందరూ దిగారు. చత్రు మాత్రం సుత్తె పట్టుకుని ఆ మూలకే పోయాడు.

"ఓ అజిత్ బాపు, బయటికి రా!" కొడుకు పేరు పెట్టి పిలిచింది ద్వాళి.

"జర ఆగు! ఇంకో రెండు గుంజలు పెడితే నిలుస్తది!"

మాట వినే మనిషే అయితే ఆమెకు ఇన్నేళ్ల గోస ఎందుకు! ద్వాళి కొంగు బిగించి లోపలికి పోయి, గొట్టం పక్కనే చతికిలపడింది.

"నీకు పిస లేసిందా? లే!"

"నువ్వు రాకుంటే నేను గీడనే కూసుంట."

ఇంకో గుంజ ఒరిగింది. చత్రు సుత్తె విసిరికొట్టాడు. నోటికొచ్చిన తిట్లన్నీ తిడుతూ, ఆమె రెక్క పట్టి బరబరా ఈడ్చుకుంటూ బయటపడ్డాడు. వెనక ఆ మూలంతా భళ్లున కూలింది.

దుమ్ము తగ్గింది. చత్రు ఇంకా ఆమె రెక్క వదల్లేదు. ఎన్నడూ బయటికి ఉరకని మనిషి ఇవాళ ఆమె కోసం ఉరికాడు. ద్వాళికి ఏడుపు ముంచుకొచ్చింది.

"సద్ది అండ్లనే పోయింది" అన్నాడు చత్రు.

"పోనియ్యి" అంది ద్వాళి. "ఇంటికాడ వండుత. నడువు."