లైటు ఆరిన తర్వాత

స్విచ్చి ఆపి, లైటు ఆరిపోయి నాలుగు నిమిషాలయింది. మీటరు ఇంకా నాలుగు వందల పది వోల్టులు చూపిస్తోంది.

డిజైనరు మీటరు తీగల ముళ్ళు పెట్టెలోంచి తీసి, గుడ్డతో తుడిచి, మళ్ళీ పెట్టాడు. నాలుగు వందల ఆరు. ఆరు రోజులుగా అందరికంటే ముందు కార్ఖానాకు వచ్చి, టెస్టింగు గదిలో ఇదే పెట్టెను ఇలాగే ఆపి ఇలాగే కొలుస్తున్నాడు. ఏదో ఒక రోజు అంకె మారుతుందనీ, తప్పు తనది కాదని మీటరే చెబుతుందనీ ఒక ఆశ. మీటరుకు మొహమాటం లేదు. రోజూ అదే మాట చెబుతోంది.

ఆ పెట్టె పొలాల్లో నీటి పంపులను సోలారు కరెంటుతో నడిపేది. పలకల నుంచి వచ్చే కరెంటు ఒకే దిక్కుకు పారుతుంది. పంపు మోటారుకు అది పనికిరాదు. పెట్టెలోని ఆరు ఎలక్ట్రానిక్ స్విచ్చులు సెకనుకు కొన్ని వేలసార్లు తెరుచుకుంటూ మూసుకుంటూ దాన్ని మోటారుకు కావలసిన తీరుకు మారుస్తాయి. ఏ స్విచ్చి ఎప్పుడు తెరుచుకోవాలో చెప్పే ప్రోగ్రాము అతను రాసిందే. స్విచ్చుల పక్కన టీ గ్లాసులంత కెపాసిటర్లు నాలుగు ఉంటాయి. తొట్టి నీళ్ళను నిలవ ఉంచినట్టు కరెంటును నిలవ ఉంచడం వాటి పని. పైన పంపు కట్టేసినంత మాత్రాన తొట్టిలో నీళ్ళు ఎక్కడికీ పోవు.

పాత డిజైనులో ఒక ఎర్ర లైటు ఆ కెపాసిటర్ల మీదే బతికేది. వాటిలో కరెంటు మిగిలి ఉన్నంతసేపూ వెలిగేది. లైటుకు జతగా ఉన్న రెండు రెసిస్టర్లు ఆ మిగిలినదాన్ని కొద్దికొద్దిగా ఖాళీ చేసేవి. కార్ఖానాలో ఆ లైటే చట్టం. కాయిల్స్ చుట్టే పెద్దమ్మ కొత్తగా చేరిన ప్రతివాళ్ళకూ మొదటిరోజే చెప్పేది: "లైటు వెలిగితే పులి, ఆరితే పిల్లి. ఇంతకు మించిన చదువు ఇక్కడ అక్కర్లేదు."

అయితే ఆ రెసిస్టర్లు వేడెక్కేవి. సరిగ్గా ఎండ బాగా కాసి పంపు బాగా నడవాల్సిన మధ్యాహ్నాల్లో పెట్టె ఆగిపోయేది. రైతుల ఫోన్లకు సమాధానం చెప్పలేక ఓనరు విసుక్కునేవాడు. మూడు నెలలు కూర్చుని డిజైనరు ఒక ఉపాయం కనిపెట్టాడు. రెసిస్టర్లు తీసేశాడు. స్విచ్చి ఆపగానే కెపాసిటర్లలో మిగిలిందంతా రెండు సెకన్లలో మోటారు చుట్లలోకి పోయి ఖర్చయ్యేలా ప్రోగ్రాము రాశాడు. లైటును కెపాసిటర్ల నుంచి తీసి ఆ ప్రోగ్రాము నడిచే కంట్రోలు కార్డుకు కలిపాడు. ఆ రెండు సెకన్లూ కాగానే లైటు ఆరిపోతుంది. పెట్టెలో ఆరు డిగ్రీల వేడి తగ్గింది. ఒక్కో పెట్టె మీద రెండు టీల ఖర్చు మిగిలింది. ఓనరు అందరి ముందూ అతని భుజం తట్టాడు.

పొలంలో మోటారు ఎప్పుడూ తగిలించే ఉంటుంది. టెస్టింగు బల్ల మీద, మొదటి పరీక్షలో, మోటారు ఉండదు. ఈ సంగతి అతనికి తెలియక కాదు. పదకొండేళ్ళుగా ఆ బల్ల పక్కనుంచే తన గదికి నడుస్తున్నాడు. కానీ డిజైను గీసిన ఆ మూడు నెలల్లో ఒక్కసారి కూడా ఆ బల్ల అతనికి గుర్తు రాలేదు.

ఆ బల్ల ముందు కూర్చునేది అతని వదిన.

ఆరు రోజుల కింద వదిన స్విచ్చి ఆపింది, లైటు ఆరేదాకా చూసింది, వదులైన ఒక తీగను సరిచేద్దామని కుడిచెయ్యి లోపల పెట్టింది. కుర్చీతో సహా వెనక్కి పడింది. ప్రాణం దక్కింది. చూపుడు వేలూ మధ్య వేలూ కాలి ముడుచుకుపోయాయి. చూపుడు వేలు మళ్ళీ చాపడం కష్టమని డాక్టరు చెప్పాడు. అన్న పోయాక అతని డిప్లమో పూర్తయింది ఆ వేళ్ళు చేసిన సోల్డరింగు పని మీదే.

ఆమెను ఆసుపత్రి బండి ఎక్కించి పంపగానే డిజైనరు టెస్టింగు గదిలోకి వెళ్ళి కొలిచాడు. కొలిచి, ఓనరు గదికి వెళ్ళి చెప్పాడు. ఓనరు లేచి తలుపు వేశాడు.

"ఎన్ని బయటికి పోయాయి?" అన్నాడు.

"మూడు వందల పన్నెండండి."

"వెనక్కి తెప్పిస్తే?"

డిజైనరు చేతిలోని మీటరు తీగను వేలికి చుట్టుకుంటున్నాడు.

"నే చెబుతా. కార్ఖానా మూత. అరవై మంది ఇళ్ళకి. ఇకమీదట చేసేవాటికి పాత లైటే పెట్టు, ఎందుకని ఎవడైనా అడిగితే పైవాళ్ళు చెప్పారను. పోయినవి పోయాయి. నువ్వు నాకు చెప్పలేదు, నేను వినలేదు. సరేనా?"

సరేనని అతను అనలేదు. కాదని కూడా అనలేదు. ఆ రోజు నుంచి దొంగకు తేలు కుట్టినట్టుంది అతని బతుకు.

షెడ్డులో మనుషుల అలికిడి మొదలైంది. అతను మీటరు కట్టేసి బయటికి వచ్చేసరికి కాయిల్స్ పెద్దమ్మ తన పీట మీద కూర్చుని రాగితీగ కొసను పళ్ళతో పట్టుకుని ఉంది. తీగ తీసి, "ఏమయ్యా, నువ్వు నిద్రపోవా? లేకపోతే ఆ పెట్టెతో కాపురం పెట్టావా?" అంది.

పక్కనున్న ఆడవాళ్ళు నవ్వారు. అతను కూడా నవ్వబోయాడు.

"మీ వదిన నిన్న కళ్ళ డాక్టరు దగ్గర కనిపించింది. నేనూ కంటిపొరల కోసం వెళ్ళాన్లే. ఇరవై ఏళ్ళ నుంచి చూస్తున్నా దాన్ని. ఆరని లైటును ఆరిందనుకునే మనిషి కాదది. అదే అన్నా. అంటే ఏమందో తెలుసా? వయసు పెద్దమ్మా, ఎవర్నీ వదలదు, అంది." పెద్దమ్మ తీగ లాగింది. "నలభై ఆరేళ్ళకే వయసా? అయితే నేను సమాధిలోంచి వచ్చి చుడుతున్నానా కాయిల్స్?"

ఈసారి అందరూ గట్టిగా నవ్వారు. డిజైనరు తన గదిలోకి వెళ్ళిపోయాడు.

కార్మిక శాఖ నుంచి మనిషి మర్నాడు వస్తాడు. ఈలోగా ప్రమాదం ఎలా జరిగిందో వదిన సంతకంతో ఒక కాగితం తయారుగా ఉండాలి. మధ్యాహ్నం మూడింటికి ఆమెను వెంటబెట్టుకు రమ్మని ఓనరు డిజైనరుకే చెప్పాడు. "నువ్వు పిలిస్తే కాదనదు," అన్నాడు.

వదిన ఉండేది కార్ఖానా వెనక రెండో వీధిలో, మేడ మీద ఒంటిగదిలో. అతను వెళ్ళేసరికి కిటికీ పక్కన నేల మీద కూర్చుని, ఒళ్ళో పాత నోటుబుక్కు పెట్టుకుని ఏదో రాస్తోంది. కుడిచేతికి మణికట్టు దాకా కట్టు. రాస్తున్నది ఎడమచేత్తో.

"వచ్చావా చిన్నోడా. కూర్చో. నవ్వకూడదు మరి," అని పుస్తకం అతనికిచ్చింది.

పేజీ నిండా ఆమె పేరే. మొదటి వరసలో అక్షరాలు ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. చివరి వరసకు వచ్చేసరికి కాస్త నిలబడ్డాయి.

"ఓనరు గారు సంతకం అన్నారటగా. వేలిముద్ర వెయ్యమంటారేమోనని భయం వేసింది. ఏడో తరగతి దాకా చదువుకున్నదాన్ని, ముద్ర వెయ్యడమేంటి చెప్పు. ఎలా ఉంది?"

"మొదటి అక్షరం బాగా వచ్చింది వదినా."

"మిగతావి?"

"అవీ వస్తాయి."

ఆమె లేచి ఎడమచేత్తోనే టీ పెట్టింది. గిన్నె వంచేటప్పుడు సగం పళ్ళెంలో పడింది. "అయ్యో, చూడు, దేనికీ పనికిరాకుండా పోతున్నా," అంది. అతను లేవబోతే కూర్చోమంది. గూట్లోంచి కొత్త కళ్ళజోడు తీసి చూపించింది.

"దగ్గర చూపుకి ఒకటిన్నర వచ్చిందట. నిజానికి నాకేం తేడా తెలియలేదు. కానీ డాక్టరు అబద్ధం చెబుతాడా? కళ్ళే చిన్నోడా. ఆరిందని ఒట్టేసి చెప్పగలిగేదాన్ని. ఆ రోజు పడుకుని అదే అనుకున్నా, ఆరింది, చూశాను, ఆరింది అని. రెండో రోజుకి కొంచెం అనుమానం వచ్చింది. ఇప్పుడైతే వెలుగుతున్నట్టే కనిపిస్తోంది, కళ్ళు మూసుకుంటే."

అతను గ్లాసులోకి చూస్తున్నాడు.

"సోల్డరింగు నుంచి టెస్టింగు బల్లకు నన్ను మార్చింది నీ మాట మీదే. అంతమందిలో నువ్వు తల దించుకునేలా చేశాను. నీకు ఎలా చెప్పాలో తెలియక నాలుగు రోజులు నీతో సరిగ్గా మాట్లాడలేదు. ఏమనుకోకు."

చెప్పడానికి ఇంతకంటే మంచి సమయం రాదని అతనికి తెలుసు. నోరు కూడా తెరిచాడు. "అలా అనకు వదినా," అన్న మాట మాత్రమే బయటికి వచ్చింది. తర్వాత ఆ టీ తాగాడు. చక్కెర ఎక్కువైంది. చివరి చుక్క దాకా తాగాడు.

ఓనరు గదిలో ఫ్యాను తిరుగుతోంది. బల్ల మీద కాగితం ఎగరకుండా ఒక కాలిపోయిన స్విచ్చి ముక్కను బరువుగా పెట్టి ఉంచారు. ఓనరు ఆమెను కూర్చోబెట్టాడు, మంచినీళ్ళు ఇప్పించాడు, వేళ్ళ గురించి అడిగాడు.

"ఊరికే రాతకోతల కోసం అమ్మా. నీ ఉద్యోగానికి భయం లేదు. ప్యాకింగులో కూర్చో. జీతం మూడోవంతు తగ్గుతుంది, అది నా చేతిలో లేదు. కానీ పని మాత్రం తేలిక."

వదిన కళ్ళజోడు పెట్టుకుని కాగితం పైకే చదివింది. కూడబలుక్కుంటూ, ఒక్క మాటా వదలకుండా. "లైటు వెలుగుతూ ఉండగానే, నా అజాగ్రత్త వలన, పెట్టెలో చెయ్యి పెట్టితిని. ఇందులో వేరెవరి తప్పూ లేదు." చదివి, తల ఊపింది. పెన్ను ఎడమచేత్తో పట్టుకుంది.

కాగితం జారింది. కుడిచేతి కట్టుతో అదిమింది. నొప్పికి చెయ్యి వెనక్కి లాక్కుంది.

"ఏమయ్యా, చూస్తావేం? కాగితం పట్టుకో. మీ వదినేగా," అన్నాడు ఓనరు.

డిజైనరు ముందుకు వంగి రెండు మూలలూ రెండు చేతులతో అదిమి పట్టాడు. వదిన నాలుక కొస పళ్ళ మధ్య పెట్టి, బడిపిల్లలా, మొదటి అక్షరం రాసింది. బాగా వచ్చింది. ఆమె తలెత్తి అతని వైపు చూసి కొంచెం నవ్వింది.

అతనికి తన చేతులు కనిపించాయి. పది వేళ్ళూ తిన్నగా, శుభ్రంగా, కాగితం మీద చాపి ఉన్నాయి.

కాగితం లాగేశాడు. పెన్ను గీత అడ్డంగా చివరిదాకా పోయింది.

"పెట్టకు వదినా. లైటు ఆరే ఉంది."

ఓనరు నెమ్మదిగా, "ఇంజనీరూ, నీకు ఆరు రోజులుగా నిద్రలేదు. బయటికి వెళ్ళి టీ తాగి రా," అన్నాడు.

"తాగే వచ్చానండి." అతని గొంతు అతనికే కొత్తగా ఉంది. "ఆ మూడు వందల పన్నెండూ వెనక్కి తెప్పించాలి. మోటారు విప్పి రిపేరు చెయ్యబోయే ప్రతివాడూ ఆరిన లైటు చూసే చెయ్యి పెడతాడు."

"అరవై మందికి నువ్వు పెడతావా తిండి?"

"ఆరే ఉందా?" అంది వదిన. ఆమె ఓనరు మాట విన్నట్టు లేదు.

"ఆరే ఉంది. నీ కళ్ళు బాగానే ఉన్నాయి. లైటు నేను మార్చాను. మోటారు లేకపోతే లోపల కరెంటు అలాగే ఉండిపోతుంది. బల్ల మీద మోటారు ఉండదని నాకు తోచలేదు. నీకు చెప్పనూలేదు."

ఆమె కొంచెంసేపు ఆలోచించింది, లెక్క సరిచూసుకుంటున్న మనిషిలా.

"నీకెప్పుడు తెలిసింది?"

అతను కాగితాన్ని చేతిలో నలుపుతున్నాడు. "ఆ రోజే. నిన్ను బండి ఎక్కించగానే వెళ్ళి కొలిచాను."

"ఇందాక నా గదిలో కూర్చున్నప్పుడు కూడా తెలుసు."

"తెలుసు."

"నేను రాసింది చూసి మొదటి అక్షరం బాగుందన్నావు."

అతను నలిగిన కాగితాన్ని బల్ల మీద పెట్టాడు.

ఓనరు కుర్చీ ముందుకు జరుపుకున్నాడు. "అమ్మా, ఇతను నీ మీద జాలితో ఏదో అంటున్నాడు. ఇంకో కాగితం తీయిస్తా, నువ్వు..."

"జరిగింది రాయించండి, సంతకం పెడతాను," అంది వదిన. "ఇది పెట్టను."

ఆమె లేచింది. ఆసుపత్రి కాగితాల సంచి చంకలో పెట్టుకుని తలుపు దాకా నడిచింది. తలుపుకున్నది గుండ్రటి ఇత్తడి పిడి. ఎడమచేత్తో పట్టి తిప్పబోయింది. చెయ్యి జారింది. మళ్ళీ పట్టింది. సంచి చంకలోంచి జారుతుంటే మోచేత్తో నొక్కుకుంది.

డిజైనరు గబుక్కున రెండడుగులు వేశాడు.

"వద్దు," అంది ఆమె వెనక్కి తిరగకుండానే. "నువ్వు అక్కడే ఉండు."

అతను ఆగిపోయాడు. పిడి కొద్దిగా తిరిగి, మళ్ళీ వెనక్కి వచ్చింది. ఓనరు బల్ల వెనక, అతను గది మధ్యలో, ఇద్దరూ చూస్తుండగా ఆమె సంచిని కింద పెట్టి, చెమట చేతిని చీరకు తుడుచుకుని, పిడిని మళ్ళీ పట్టుకుంది.