తుడవని పంతొమ్మిది రోజులు

బీరువాలక్కకి యాభై ఆరేళ్ళు. ఆఫీసుకి రాగానే, భుజానికున్న సంచి కూడా దించకుండా, పాత తువ్వాలు తీసి చెమర్చిన ఫైళ్ళు తుడుస్తుంది.

ఆ రికార్డు గదిలో దొంగ సర్టిఫికెట్లకి చెమట పట్టేది. తుడవకపోతే అక్షరాలు కారిపోతాయి. ఇరవై నాలుగేళ్ళ కిందట ఆమె చేరిన రోజునే సూపరింటెండెంటు ఆమె చేతికి తువ్వాలిచ్చి, "ఆడమనిషివి, తుడవడం ఒకరు నేర్పాలా?" అన్నాడు. ఆమెతో కలిపి ఆ ఏడాది చేరింది పన్నెండు మంది. అందులో ఆడది ఆమె ఒక్కతే. ఆ పన్నెండు ఫైళ్ళలో ఐదు చెమర్చేవి. అన్నిటికన్నా మీసాలాయనది మరీ ఘోరం. వానలు మొదలైతే ఆయన డిగ్రీని రెండు పూటలా తుడవాల్సిందే. ఆమె కాగితం మాత్రం అప్పడంలా పొడిగా ఉండేది.

సూపరింటెండెంటు రిటైరయ్యే ఏడాది వచ్చింది. సీనియారిటీ ప్రకారం ఆ కుర్చీ బీరువాలక్కది, ఆమె లేకపోతే మీసాలాయనది. ఒక సోమవారం ఆమె బల్ల మీద కోర్టు నోటీసు పడింది. ఆమె పదో తరగతి సర్టిఫికెట్ నకిలీదని, నియామకం రద్దు చేయాలని మీసాలాయన కేసు వేశాడు. ఆమె చదివిన బడి ఎప్పుడో కూలిపోయింది, రిజిస్టర్లు చెదల పాలయ్యాయి. అదంతా ఆయన ముందే వాకబు చేసుకున్నాడు.

"నా కాగితం ఏనాడైనా తడిసిందా సార్?" అని అడిగింది సూపరింటెండెంటుని.

"లేదమ్మా. కానీ చెమట గురించి రూల్సులో ఎక్కడుంది? మర్యాదగా రాజీనామా ఇచ్చెయ్. కేసు ఓడితే పెన్షన్ కూడా పోతుంది."

పక్కనే మీసాలాయన టీ చప్పరిస్తున్నాడు. "నీ మీద నాకేం కోపం లేదక్కా. కోర్టువాళ్ళు మనతో చేరిన పన్నెండు మంది ఫైళ్ళూ తెమ్మన్నారు. నాది కాస్త గట్టిగా తుడువు, ఏం?"

సాయంత్రం ఈ మాట చెబుతుంటే కూతురు బట్టలు మడతపెడుతూ వింది.

"రేపు కూడా తుడుస్తావా అమ్మా?"

"అలవాటే. చెయ్యి ఊరుకోదు."

"ఆ తువ్వాలిటివ్వు. కంపు కొడుతోంది."

కూతురు దాన్ని ఉతికింది, ఆరేసింది, మళ్ళీ ఇవ్వలేదు. తల్లి అడగలేదు.

వాయిదాకి పంతొమ్మిది రోజులుంది. మొదటి వారం బీరువా కింద మడుగు కట్టింది. రెండో వారానికి నీలం నీళ్ళు గుమ్మం దాటి వరండాలోకొచ్చాయి. టప్, టప్‌మని చుక్కలు పడే చప్పుడు క్యాష్ కౌంటరు దాకా వినిపించేది. మగవాళ్ళు పంట్లాలు ఎత్తిపట్టుకుని దాటుకుంటూ పోయారు. తుడవడం ఎవరి పనో తెలుసు కనక ఒక్కడూ వంగలేదు. మీసాలాయన కూడా నీళ్ళలో కాళ్ళు పెట్టుకునే నవ్వుతూ పనిచేసుకున్నాడు. ఇరవై నాలుగేళ్ళలో తన ఫైలు తుడవని రోజంటూ ఆయన ఎరగడు.

కోర్టు మెట్ల పొడవునా ఫైళ్ళ మూట కారుతూనే ఉంది. జడ్జిగారు కళ్ళజోడు పెట్టె తడవకుండా పక్కకి జరిపి, ఒక్కో కాగితం వెలుతురుకెత్తి చూశారు. బీరువాలక్క సర్టిఫికెట్‌లో ముద్ర, మార్కులు, హెడ్మాస్టరు వంకర సంతకం అన్నీ ఉన్నాయి. మీసాలాయన డిగ్రీ తెల్లకాగితం. ఇంకో నాలుగూ అంతే.



"ఇన్నేళ్ళూ ఇవి చెరిగిపోకుండా చూసిందెవరు?" అన్నారు జడ్జిగారు.

బీరువాలక్క తరఫు ప్లీడరమ్మ ఆమెని మోచేత్తో పొడిచింది, మాట్లాడొద్దని.

"నేనేనండి. రోజూ తుడిచాను."

"తెలిసే?"

"తెలిసే."

"మరి ఇంత ఆలస్యంగానా చెప్పడం?"

బీరువాలక్క చేతులు చూసుకుంది. గోళ్ళ సందుల్లో నీలం. ఎంత తోమినా ఏనాడూ పోలేదది.

ఆమె మీద కేసు కొట్టేశారు. ఐదుగురి ఉద్యోగాలు ఊడాయి. తుడిచినందుకు ఆమెకి ఆ కుర్చీ ఇవ్వలేదు, పెన్షన్‌లో కోత కూడా పెట్టారు. ఆమె అప్పీలు చేయలేదు. మిగిలిన రెండేళ్ళ సర్వీసులో, చెమర్చిన కాగితం ఏది కనబడినా ఆ పూటే తీసుకెళ్ళి నోటీసు బోర్డుకి గుచ్చింది. మొత్తం పదిహేడు.