శ్లాబు మీద పడ్డ ఇటుక

మా అమ్మాయి దీవెనను పై సెక్షన్ నుంచి దించుతున్నామని, వచ్చి సంతకం పెట్టి వెళ్ళమని కాలేజీవాళ్ళు ఫోన్ చేశారు. పని మానుకుని గన్నవరంలో బస్సెక్కి విజయవాడ వెళ్ళాను.

ఆ కాలేజీలో పై సెక్షన్ అంటే నలభై మంది. ప్రతి ఆదివారం పరీక్ష. సోమవారం పొద్దున్నే నలభై ఒకటో పిల్లను పుస్తకాలతో సహా కింది అంతస్తుకు దించేస్తారు. కింద గదికి డెబ్భై మంది. కిందికి దిగిన పిల్ల మళ్ళీ పైకెక్కడం ఈ రెండేళ్ళలో ఎవరూ చూడలేదట. మా అమ్మాయి ఇంజనీరింగ్ ఆశంతా ఆ నలభై కుర్చీల్లో ఒకదాని మీద ఉంది.

డీన్ వెంకటకృష్ణారావు గారి గది గోడ నిండా ర్యాంకర్ల ఫోటోలు. అందరికీ ఒకే కోటు తొడిగి తీసినట్టున్నారు. కొందరికి భుజాలు జారాయి, కొందరికి చేతులు చాలలేదు. ఆ ఫోటోల కింద మా దీవెన నిలబడి ఉంది.

"నూట ఎనభై ఏడండీ మీ అమ్మాయికి. నలభయ్యో ర్యాంకు నూట తొంభై మూడు," అన్నారు డీన్ గారు. "ఫిజిక్స్‌లో ఒకటి తప్పు పెట్టింది. నాలుగు పోయాయి, మైనస్ ఒకటి."

"అది తప్పు కాదండీ," అంది దీవెన.

"చెప్పిందే చెబుతోంది చూడండి. పిలవండి లక్ష్మీకాంత్ గారిని."

ఫిజిక్స్ చెప్పే లక్ష్మీకాంత్ గారు వచ్చారు. ఇస్త్రీ చొక్కా, జేబులో మూడు రంగుల పెన్నులు. ప్రశ్న చదివి వినిపించారు. నేల మీద నిలబడ్డ కూలీ ఒక ఇటుకను సెకనుకు పది మీటర్ల వేగంతో పైకి విసిరాడు. అది మూడు ముప్పావు మీటర్ల ఎత్తున్న శ్లాబు అంచు దాటి పైకి వెళ్ళి, శ్లాబు మీద పడింది. ఎన్ని సెకన్లకు పడింది?

ఆయన తెల్లబోర్డు మీద లెక్క వేశారు. పది టీలోంచి అయిదు టీ స్క్వేర్ తీసేస్తే మూడు ముప్పావు. మొత్తం అయిదుతో భాగించి ఒకవైపుకు తెచ్చారు. టీ స్క్వేర్ మైనస్ రెండు టీ ప్లస్ ముప్పావు, ఈక్వల్ టు సున్నా.

"కలిపితే రెండు, గుణిస్తే ముప్పావు రావాలి. అంటే అర, ఒకటిన్నర. రెండూ ప్లస్సే వచ్చినప్పుడు చిన్నది తీసుకోవాలి. ముందొచ్చేది అదే కాబట్టి ఆన్సరు అర. మీ అమ్మాయి ఒకటిన్నర పెట్టింది."

దస్తూరీ ముత్యాల్లా ఉంది. లెక్కలోనూ వంకపెట్టడానికి లేదు. అందులో ఒక ఇటుక ఉందన్న సంగతే ఆయన మరిచిపోయారు.

"అర సెకనుకి ఇటుక ఎక్కడుందండీ?" అన్నాను.

"శ్లాబు ఎత్తులో."

"ఎటు పోతా ఉంది?"

"పైకి."

"పైకి పోయేది శ్లాబు మీద ఎట్టా పడిద్దండీ?"

ఆయన నన్ను చెప్పుల దాకా చూశారు. "మీరేం చేస్తుంటారు?"

"బేల్దారి పనండి. ఇటుకలు ఎగరేస్తా."

డీన్ గారు నవ్వు ఆపుకున్నారు. ఆపుకోకపోయినా నాకేం నష్టం లేదు. ఇరవై ఏళ్ళుగా నేను కింద నిలబడి ఎగరేస్తుంటే పైనున్నవాడు అందుకుంటున్నాడు. ఇటుక అంచు దాటి పైకి పోతుంది, ఊపు తగ్గి ఒక్క లిప్త ఆగుతుంది. అక్కడ అందుకున్నవాడి వేళ్ళు బాగుంటాయి. అందుకోలేకపోతే అది తిరిగి దిగి శ్లాబు మీద పడి పగులుతుంది. శ్లాబును కింద నుంచి చీల్చుకొచ్చి పైన కూర్చున్న ఇటుకను నేనింతవరకు చూడలేదు.

బోర్డు చెరిపే డస్టరు తీసుకుని, మూలనున్న బీరువా మీదికి ఎగరేశాను. అంచు దాటి పైకి పోయి, దిగి, బీరువా నెత్తిన పడింది.

"ఎక్కేటప్పుడు పడిందా, దిగేటప్పుడు పడిందా అండీ?"

"అది ప్రాక్టికలండీ," అన్నారు లక్ష్మీకాంత్ గారు. "పరీక్ష థియరీ."

డీన్ గారు కాసేపు బీరువా వంక చూశారు. ఆయనకు అర్థమైంది. మొహం చూస్తే తెలిసింది. అయినా, "ఆన్సర్ కీ మేం వేసింది కాదండీ. హెడ్డాఫీసు నుంచి వచ్చింది. పదకొండు బ్రాంచీలకీ అదే," అన్నారు.

"పదకొండు చోట్లా ఇటుక కింద నించే పడిందాండీ?"

లక్ష్మీకాంత్ గారు డస్టరు కోసం చెయ్యి చాచారు. అందలేదు.

చివరికి డీన్ గారు న్యాయం చెప్పారు. రెండూ రైటే. అర పెట్టినవాళ్ళకీ నాలుగే, ఒకటిన్నర పెట్టినవాళ్ళకీ నాలుగే. శ్లాబులోంచి దూరి వచ్చినా సరే, పైనుంచి దిగి వచ్చినా సరే, ఇటుకకు వాళ్ళ అనుమతి ఉంది.

దీవెన మనసులోనే కూడింది. "అప్పుడు నాకు నూట తొంభై రెండండీ. నలభయ్యో ర్యాంకు బ్లెస్సీకి నూట తొంభై మూడే. తను అర పెట్టింది. కీ సరిగ్గా దిద్దితే తనకి నూట ఎనభై ఎనిమిది."

"కీ దిద్దితే పదకొండు బ్రాంచీల్లో ర్యాంకులు మారతాయమ్మా. పేరెంట్స్ ఊరుకుంటారా?" ఆయన నా వైపు తిరిగి గొంతు తగ్గించారు. "ఒక్క మార్కేగా. స్పెషల్ కేసు కింద మీ అమ్మాయిని పైనే ఉంచేస్తాం. కాకపోతే ఈ కీ సంగతి క్లాసులో ఎవరితోనూ అనకూడదు."

సరేనండి అనబోయాను. సగం అనేశాను కూడా.

"పై సెక్షన్‌కి ఫిజిక్స్ సారే కదండీ చెప్పేది?" అంది దీవెన.

"ఆయనే. సీనియర్ ఫ్యాకల్టీ."

"అయితే నేను దిగిపోతానండి. ఇవాళంటే ఇటుక కాబట్టి నాకు తెలిసింది. రేపు కరెంటు గురించి చెబితే తప్పేదో ఒప్పేదో నేనెట్టా కనుక్కోను?"

సీనియర్ ఫ్యాకల్టీ గారు జేబులోని పెన్నులు సర్దుకున్నారు. డీన్ గారు కాగితం నా ముందుకు తోశారు. కారణం అన్నచోట, 'పై సెక్షన్ స్థాయిని అందుకోలేకపోవడం' అని ముందే అచ్చువేసి ఉంది. ఎంతమంది తండ్రులు దాని కింద తలొంచుకుని సంతకం పెట్టి ఉంటారో.

ఆ మాట కొట్టేసి, పక్కన 'లెక్చరరు గారికి తెలియకపోవడం' అని రాసి సంతకం పెట్టాను.

డీన్ గారు చదివారు. "ఇట్లా రాయకూడదండీ."

"కారణం అడిగారు కదండీ," అన్నాను.

నేను పై సెక్షన్ గదికి వెళ్ళేసరికి దీవెన పుస్తకాలు మూట కడుతోంది. మూట భుజాన వేసుకుని ఆమె వెంట కింది అంతస్తుకు దిగాను.