కటింగ్ మారలేదు

బొగ్గు గనుల ఊళ్ళలో ఎవరైనా అప్పు తెచ్చారని తెలిస్తే ముందుగా వినబడే ప్రశ్న ఒకటే. అప్పు ఎంత అని ఎవరూ అడగరు, వడ్డీ ఎంత అని అసలే అడగరు. "కటింగ్ ఎంత?" అని అడుగుతారు. జీతంలో నుంచి సొసైటీకి, బీమాకు, బ్యాంకు వాయిదాకు, యూనియన్ చందాకు, పండుగ అడ్వాన్సుకు ముందే కోసుకుని పోయే మొత్తాన్ని కార్మికులు కటింగ్ అంటారు. అది పోగా చేతికి వచ్చే డబ్బుతో ఇల్లు గడిస్తే అది మంచి అప్పు, గడవకపోతే చెడ్డ అప్పు. గోదావరిఖనిలో ఈ లెక్క మీదనే ఫ్రిజ్‌లు వచ్చాయి, మోటారు సైకిళ్ళు వచ్చాయి, చివరికి ఇళ్ళు కూడా లేచాయి. ఇందులో తప్పేముందని మీరు అడగవచ్చు. తప్పు అంత సులువుగా కనబడేదైతే ఈ కథ చెప్పవలసిన అవసరమే ఉండేది కాదు.

పదిహేనేళ్ళ కిందట ఒక మధ్యాహ్నం, మొదటి షిఫ్టు దిగిన కొమురెల్లి గని మీది కాంటీనులో అందరికీ పేడాలు పంచాడు. బ్యాంకులో ఇంటి అప్పు మంజూరైంది. పన్నెండు లక్షలు.

"అన్నా, కటింగ్ ఎంత?" అన్నాడు ఎల్లేశం, పేడా నోట్లో వేసుకుంటూ. కొమురెల్లి కంటే పదేళ్ళు చిన్నవాడు, అదే గనిలో బొగ్గు తొట్లు తోసే ట్రామర్.

"పన్నెండు వేలకు తక్కువనే తమ్మీ. పదిహేనేండ్లు. నేను రిటైరై డ్యూటీ దిగే నాటికి అది గూడ దిగిపోతది."

"గట్లయితే ఫికరే లేదు."

చుట్టూ ఉన్నవాళ్ళంతా తలలూపారు. ఆ పన్నెండు వేలను నూట ఎనభై నెలలతో గుణించి చూద్దామని ఒక్కరికీ తోచలేదు. గుణించి ఉంటే, వడ్డీ ఒక్క పైసా పెరగకపోయినా, తెచ్చిన పన్నెండు లక్షలకు ఇరవై ఒక్క లక్షలకు పైగా కట్టాలని అక్కడే తేలిపోయేది. పేడా మాత్రం బాగుందన్నారు.

కొమురెల్లి తెలివి తక్కువవాడు కాడు. గనిలో సపోర్ట్‌మన్. కొత్త జాగాలో అడుగు పెట్టే ముందు ఇనుప కడ్డీతో పైకప్పును కొట్టి చూసి, ఆ చప్పుడును బట్టి బండ గట్టిగా ఉందో, పగులు పట్టి ఊడటానికి సిద్ధంగా ఉందో చెప్పడం అతని పని. అతను సరేననే దాకా తోటివాళ్ళు లోపలికి రారు. తలమీది బండను అంతగా అనుమానించే మనిషి, నెత్తిమీదికి తెచ్చుకున్న అప్పును ఒక్కసారైనా తట్టి చూడలేదు.

అతని భార్య పూలమ్మకు ఇల్లు కట్టడం ఇష్టమే గానీ, ఆమె మనసంతా భూమి మీద ఉండేది. కమాన్‌పూర్ దగ్గర అత్తవారికి ఉన్న రెండెకరాల మెట్ట చెలక, నేలంతా పైనుంచే తవ్వే ఓపెన్‌కాస్టు గని కింద పోయింది. ఆమె మక్కజొన్న వేసిన చోట ఇప్పుడు గుట్టలాగా మట్టి పోసి ఉంది. అటువైపు బస్సులో పోవలసి వస్తే ఆమె కిటికీ పక్కన కూర్చోదు. "నువ్వు దిగిపోయినంక ఇరవై ముప్పై గుంటలన్న కొనాలె. నాకింక వేరే ఏం వద్దు" అని ఆమె ఎప్పుడో చెప్పింది. అతను సరేనన్నాడు. ఆ మాట మీద ఇద్దరూ బతికారు.

ఇంటికి సున్నం వేసిన మరుసటి ఏడాది బ్యాంకు నుంచి కబురు వచ్చింది. వడ్డీ పెరిగిందట. కౌంటరు దగ్గర కూర్చున్న అబ్బాయి తల ఎత్తకుండానే అడిగాడు.

"వాయిదా పెంచమంటారా, అలాగే ఉంచమంటారా?"

"పెంచితె ఎంతయితది సారూ?"

"పదిహేను వందల పైన పెరుగుతుంది."

"వద్దు వద్దు. అట్లనే ఉంచుండ్రి."

"అయితే కాలం పెరుగుతుంది" అన్నాడు ఆ అబ్బాయి, సంతకం ఎక్కడ పెట్టాలో వేలితో చూపిస్తూ. కొమురెల్లి ఆ మాట విన్నాడు. విని, ఒక ఏడాదో అర్ధ ఏడాదో అనుకుని సంతకం పెట్టాడు. ఎంత పెరుగుతుందని అతను అడగలేదు, ఆ అబ్బాయి చెప్పలేదు. వెనక వరుసలో ఇంకా చాలామంది ఉన్నారు.

మర్నాడు కాంటీనులో కొమురెల్లి ఈ సంగతిని గెలిచి వచ్చినవాడిలా చెప్పాడు. "వడ్డీ పెంచిండ్రు గని నా కటింగ్ మాత్రం పెంచనియ్యలే" అన్నాడు. ఎల్లేశానికీ అప్పటికి ఇంటి అప్పు ఉంది. అతనూ, ఇంకో నలుగురూ వెళ్ళి అదే మాట చెప్పి, అదే సంతకం పెట్టి వచ్చారు. మనవాళ్ళలో ఇదొక గుణం. లాభమైనా నష్టమైనా ఒక్కరుగా పోరు.

ఆ తర్వాత మొదట్లో అతను కట్టిన ప్రతి వాయిదాలో పదివేలకు పైగా వడ్డీకే పోయింది. అసలుకు చేరింది పదిహేను వందలు కూడా లేదు. పన్నెండు లక్షల కొండను నెలకొక గంపెడు చొప్పున తవ్వుతున్నాడన్నమాట. ఫోనుకు ఇంగ్లీషులో సందేశాలు వచ్చేవి. లాటరీ తగిలిందని వచ్చే సందేశాలతో పాటు వాటినీ తుడిచేసేవాడు.

ప్రతి దసరాకు కంపెనీ లాభాల్లో వాటా పంచుతుంది. ఆ వారం ఖనిలో అంగళ్ళు రాత్రి దాకా మూయరు. ఒక దసరాకు పూలమ్మ అడిగింది.

"ఈ పైసలు ఇంటప్పుకు కడితె ఏమైతది?"

"నెలనెలా కోసుకుంటనే ఉన్నరు గదనే. మల్ల చేతులకెల్లి గూడ కట్టుడెందుకు?"

ఆ ఏడు టీవీ వచ్చింది. తర్వాతి ఏడు మేకపోతు, చుట్టాలు, ఒక తులం బంగారం. ఇవన్నీ పాపాలేమీ కావు. గని లోపల ఏడాదంతా చెమట కార్చినవాడికి పండుగ పూట ఇంత సంతోషం అక్కర్లేదని ఏ నోటితో అంటాం? కానీ ఆ డబ్బులో సగం అసలుకు కట్టినా అప్పు కాలంలో ఎన్ని ఏళ్ళు తెగిపోతాయో అతనికి చెప్పవలసినవాళ్ళు చాలామంది ఉన్నారు. ఒక్కరూ చెప్పలేదు. కొత్తగా అప్పు తీసుకునేవారికి వడ్డీ బాగా తగ్గిన కాలం కూడా మధ్యలో వచ్చింది. పాతవాళ్ళకు దానంతట అది తగ్గదు, దరఖాస్తు పెట్టుకుని కొద్దిపాటి రుసుము కట్టాలి. అదీ చెప్పలేదు. అడిగితే చెప్పేవాళ్ళే. చట్టం దృష్టిలో ఎవరిదీ తప్పు లేదు. నాకు ఒళ్ళు మండేది అక్కడే.

డ్యూటీ దిగే నెల వచ్చింది. పీఎఫ్‌లో పెద్ద భాగం ఇంటి కప్పు వేసినప్పుడే తీసుకున్నాడు. మిగిలింది గ్రాట్యుటీ. అది పద్దెనిమిది లక్షలు వస్తుందని ఆఫీసులో చెప్పారు. కొడుకు శివ ఓపెన్‌కాస్టులో ప్రైవేటు కాంట్రాక్టరు కింద లారీ నడుపుతాడు, అతని సంపాదన అతని సంసారానికే చాలదు. అయినా పూలమ్మ ముఖంలో ఆ నెలంతా వెలుగే. కమాన్‌పూర్ అవతల ముప్పై గుంటలు, అంటే ముప్పావు ఎకరం, బోరుతో సహా పదిహేడున్నర లక్షలకు బేరం కుదిరింది. లక్ష రూపాయలు బయానాగా ముందే ఇచ్చారు. నెలాఖరులోగా మిగతాది ఇవ్వకపోతే బయానా పోతుందని మాట. ఆమె అప్పటికే రెండుసార్లు వెళ్ళి ఆ మట్టిని చేత్తో నలిపి చూసి వచ్చింది. పసుపు వేస్తానంది. గట్టు మీద కందులు వేస్తానంది.

ఇంటి కాగితాలు విడిపించుకుందామని కొమురెల్లి బ్యాంకుకు వెళ్ళాడు. లెక్క ప్రకారం ఆ నెలతో పదిహేనేళ్ళు నిండాయి. ఇప్పుడు అక్కడ కృష్ణప్రియ అనే కోస్తా అమ్మాయి అధికారి. కంప్యూటరు వైపు చూసి, మళ్ళీ అతని వైపు చూసి, కుర్చీ చూపించింది.

"కూర్చోండి కొమురెల్లి గారూ. మీ అప్పు ఇంకా తీరలేదండీ. ఆరు లక్షల చిల్లర ఉంది."

"కాదు మేడమ్, సరిగ చూడుండ్రి. పదిహేనేండ్లయిపోయింది. ఒక్క నెల గూడ తప్పలే."

"తప్పలేదండీ. మీ అంత సక్రమంగా కట్టినవాళ్ళు తక్కువ. కానీ మీది మారే వడ్డీ. ఎనిమిదిన్నర శాతంతో మొదలై పదిన్నర దాటింది, ఆ తర్వాత అక్కడే ఉండిపోయింది. వాయిదా పెంచవద్దని మీరు సంతకం పెట్టారు. అందుకని కాలం పెరిగింది. ఇలాగే కడితే ఇంకా దాదాపు ఆరేళ్ళు."

కొమురెల్లి కంప్యూటరు వైపు వంగి చూశాడు. తర్వాత అడిగాడు, "ఇప్పటిదాక ఎంత కట్టిన?"

ఆమె చెప్పింది. ఇరవై ఒక్క లక్షలు.

"తెచ్చింది పన్నెండు."

"అవునండీ."

"ఆనాడు పదిహేను వందలు ఎక్కువ కట్టి ఉంటే?"

ఆ అమ్మాయి లెక్క వేసింది. జవాబు తెలిశాక దాన్ని చెప్పడానికి ఆమెకు మనసు రాలేదు. "ఈ నెలతో అయిపోయేదండీ" అంది మెల్లగా.

అతనికి వచ్చే పింఛను నెల వాయిదాకు కూడా చాలదు. కట్టకుండా వదిలితే ఇల్లు పోతుంది. ఆ సాయంత్రం అతను జరిగింది జరిగినట్టు పూలమ్మకు చెప్పాడు. ఆమె కొట్లాడుతుందేమో, ఏడుస్తుందేమో అనుకున్నాడు. కొట్లాడితే బాగుండునని కూడా అనుకున్నాడు.

"బ్యాంకోళ్ళను ఎనిమిది నెలలు గడువు అడిగి చూస్త" అన్నాడు.

"ఎనిమిది నెలలకు నీకు యాడికెల్లి వస్తయి ఆరు లక్షలు?" అంది ఆమె. అతని ఫోను తీసి చేతికిస్తూ తనే మళ్ళీ అంది, "అప్పు కట్టెయ్యి. శివ పిల్లలకు నీడన్న ఉంటది. అటు ఫోన్ జేసి చెప్పు, మనకు వద్దని."

భూమి అమ్మే మనిషి మొగమాటపడలేదు. పెద్దపల్లి నుంచి ప్లాట్లు చేసేవాళ్ళు ఎక్కువకే అడుగుతున్నారట. బయానా తిరిగి ఇవ్వడం కుదరదన్నాడు. అప్పు పోగా మిగిలే పదకొండు లక్షల చిల్లరకు సరిపడేంత చిన్న ముక్క కోసి అమ్మేవాళ్ళు ఆ చుట్టుపక్కల దొరకలేదు.

డ్యూటీ దిగే రోజున గని మీద సన్మానం. ఖనిలో అది ఆనవాయితీ. మొగుడినీ పెండ్లాన్నీ పక్కపక్కన కుర్చీల్లో కూర్చోబెట్టి, దండలు వేసి, శాలువాలు కప్పుతారు. మేనేజరు మాట్లాడాడు. యూనియన్ నాయకుడు మాట్లాడాడు. ముప్పై ఏళ్ళకు పైగా ఒక్క ప్రమాదం లేకుండా తోటివాళ్ళ ప్రాణాలు కాపాడిన మనిషి అని పొగిడారు, అది నిజమే. తర్వాత మైకు కొమురెల్లి చేతికిచ్చారు. అతను లేచి నిలబడి, ముందు వరుసలో ఉన్న ఎల్లేశాన్ని చూశాడు.

"ఎల్లేశం, నిన్ను నేనే పంపిన బ్యాంకుకు" అని మాత్రం అన్నాడు. ఏ సంగతో ఎవరికీ అర్థం కాలేదు. అతను కూర్చున్నాడు.

మైకు తీసుకోబోయిన నాయకుడి చేతిని పూలమ్మ ఆపింది. ఆడవాళ్ళు అక్కడ రెండు చేతులూ జోడించి దిగిపోవడమే అలవాటు. ఆమె లేచి మైకు అందుకుంది.

"నాకు మాట్లాడుడు రాదు. ఒక్క సంగతి చెప్పి దిగుత. మేం పన్నెండు లక్షలు తెచ్చి ఇల్లు కట్టినం. ఇరవై ఒక్కటి కట్టినం, ఇప్పుడు వచ్చే గ్రాట్యుటీల నుంచి ఇంకో ఆరు కడుతున్నం. ఎవ్వలు మోసం జెయ్యలే. నెలకెంత అని అడిగినం, మొత్తానికి ఎంత అని అడుగలే. కటింగ్ మారలేదని సంబరపడ్డం, ఏండ్లు మారినయని చూసుకోలే. మీరు రేపే పోయి అడుగుండ్రి. ఇంక ఎంత ఉన్నది, ఇంక ఎన్నేండ్ల దాక ఉన్నది, వడ్డీ తగ్గుతదా అని అడుగుండ్రి. వాయిదా పెరిగితె పెరగనియ్యిండ్రి. దసరా పైసలు ముందుగాల అసలుకు కట్టి, మిగిలితె మేకను కోసుకోండ్రి. అడుగుటానికి సిగ్గుపడకుండ్రి, సంతకం మీది, చెమట మీది."

చప్పట్లు కొట్టడానికి కొందరు చేతులెత్తారు. ఆమె మైకు వదల్లేదు.

"మా అత్తగారి భూమి గని కింద పోయింది. అది కంపెనీ గుంజుకున్నదని ఇన్నేండ్లు తిట్టుకున్న. మొన్న పోయిన ముప్పై గుంటలు ఎవ్వలు గుంజుకోలే. అడుగుడు తెల్వక, నెలకింత నెలకింత, మా చేతులతోని మేమే ఇచ్చుకున్నం."