వాదీ సిద్రాలో చిన్న బావులు

జోర్డాన్ రాజధాని అమ్మాన్‌లో మా ఆఫీసు ఏం చేస్తుందో చెప్పడం తేలిక. ప్రభుత్వం ఒక పని తలపెడితే, దాన్ని చేస్తే ఏమవుతుంది, మానేస్తే ఏమవుతుంది, ఎవరు బాగుపడతారు, ఎవరి నెత్తిన పడుతుంది అని ముందే ఆలోచించి చెబుతాం. వినడం, వినకపోవడం పైవాళ్ళ ఇష్టం. నా పక్క బల్ల రుదైనాది. ఈ పనిలో ఆమెను మించినవాళ్ళు మాలో లేరు.

ఆ ఏడు వాదీ సిద్రా ఫైలు వచ్చింది. తూర్పున ఎడారి అంచున ఉన్న లోయ అది. అక్కడ భూమిలో నీరు ఏటేటా కిందికి దిగిపోతోంది. పట్నానికి తాగునీరు వచ్చేదీ అక్కడినుంచే. లోయలో అనుమతి లేని బావులు మూసేయాలా వద్దా, అదీ మాకు వేసిన ప్రశ్న.

ఫైలు చూసిన వెంటనే రుదైనా మా డైరెక్టరు నాయిఫ్ గారి గదిలోకి వెళ్ళింది. నేనూ అక్కడే ఉన్నాను.

"సార్, దీన్ని ఇంకెవరికైనా ఇవ్వండి. మా మేనమామ ఔదే బావి కూడా ఇందులో ఉంది. అమ్మానాన్నా పోయాక నన్ను పెంచింది ఆయనే. ఆ నీటితో పండే ఆలివ్ తోట రాబడి మీదే నేను చదువుకున్నాను."

నాయిఫ్ గారు ఫైలు మూసి పక్కన పెట్టారు. "ఈ మాట, నిర్ణయం తీసుకునే కమిటీకి రాసి పంపుతాను. వద్దంటే మారుద్దాం. వద్దనకపోతే నువ్వే చెయ్యి. దాచిపెట్టిన బంధుత్వంతోనే గానీ చెప్పుకున్నదానితో భయం లేదమ్మా."

కమిటీ అభ్యంతరం చెప్పలేదు.

రుదైనా, నేను లోయకి వెళ్ళాం. ఊరివాళ్ళు కూడే చావడి మజ్లిస్‌లో రైతులు గోడల వెంబడి కూర్చున్నారు. కాఫీ ఒక చుట్టు తిరిగిందో లేదో, ఔదే లేచి నిలబడ్డాడు. ఎండకి నల్లబడ్డ పొడుగాటి మనిషి.

"చూశారా! ప్రభుత్వానికి మన బావుల దారి తెలియక మా ఇంటి పిల్లనే వెంట తెచ్చుకుంది," అన్నాడు. అందరూ నవ్వారు. "సిమెంటు కూడా తెచ్చావా తల్లీ, తర్వాత వస్తుందా?"

"పూడ్చడానికి రాలేదు మామయ్యా, అడగడానికి వచ్చాను."

"అడుగు. రాసుకో. మేం చెప్పింది మీ కాగితంలోకి ఎక్కుతుందో లేదో మేమూ చూస్తాం."

ఆమె తల వంచుకుని రాసుకుంది. సాయంత్రం దాకా ఒక్కొక్కరినీ అడుగుతూనే ఉంది.

తిరిగొచ్చాక పంపుల కరెంటు వాడకం, ఉపగ్రహం తీసిన పచ్చదనం చిత్రాలు పక్కపక్కన పెట్టి చూసింది. విషయం తేలిపోయింది. లోయ నీటిలో ఎక్కువ భాగం తాగేస్తున్నవి చిన్న బావులు కావు. అనుమతి పత్రాలున్న కొద్దిమంది పెద్ద ఆసాముల లోతు బావులు. ఆ నీటితో వాళ్ళు పశువుల మేత పండించి అమ్ముకుంటున్నారు.

"అయితే మీ మామయ్య బావి బతికినట్టేనా?" అని అడిగాను.

"లేదు," అంది. "పెద్దవాటికి నీళ్ళు తగ్గించాలి, చిన్నవీ మెల్లగా మూసేయాలి. రెండూ చేస్తేనే నీరు నిలుస్తుంది. అటు తిప్పి ఇటు తిప్పి చూశాను. ఆ బావి మిగిలే దారి దొరకలేదు."

అలాగే రాసింది. తోటలు పోయేవాళ్ళకి పరిహారం ముందు ఇచ్చి తర్వాత బావి మూయాలని రాసింది. రెండేళ్ళకి నీటిమట్టం కొలిచి, ఫలితం అందరికీ తెలిసేలా ప్రకటించి, నిర్ణయాన్ని మళ్ళీ పరిశీలించాలని కూడా రాసింది.

కమిటీ అధ్యక్షుడు పేజీలు తిప్పుతూ, "పెద్ద పొలాల సంగతి తర్వాత చూద్దాం," అన్నాడు. "వాళ్ళ చేతిలో కాగితాలున్నాయి, కోర్టుకెక్కుతారు. చిన్న బావులకి ఏ కాగితమూ లేదు. సులువైనది ముందు కానిద్దాం."

"సులువైనది ఒక్కటే చేస్తే నీళ్ళు మిగలవు సార్."

"అమ్మాయీ, మీ మేనమామ బావి కూడా ఉందట కదా అందులో."

గదిలో అందరూ ఆమె వైపు చూశారు.

"ఉంది సార్. దాన్ని మూసేయమనే రాశాను. మీ చేతిలో ఉన్న పేజీలోనే ఉంది."

ఆయన చదివాడు. అయినా నిర్ణయం మారలేదు. పెద్ద పొలాల భాగం కొట్టేశారు, పరిహారం సగానికి కోశారు. రెండేళ్ళ పరిశీలన మాట మాత్రం ఉండనిచ్చారు. అప్పటికి ఎవరికి గుర్తుంటుందిలే అనుకున్నారేమో.

ఉత్తర్వు వెలువడక ముందే ఆమె ఔదేకి తనే చెప్పాలనుకుంది. కారు నేను నడిపాను. ఆయన తోటలో కొమ్మలు కత్తిరిస్తున్నాడు.

"నువ్వే రాశావా?"

"రాశాను మామయ్యా. పెద్దోళ్ళవీ రాశాను. అవి తీసేశారు."

"నాది తీసేయించలేకపోయావా?"

"అడిగి ఉంటే తీసేసేవాళ్ళేమో. అడగలేదు."

ఆయన కత్తెర నేల మీద పెట్టాడు. "నీకు నడక నేర్పింది ఈ చెట్ల మధ్యే," అని ఇంట్లోకి వెళ్ళిపోయాడు. మళ్ళీ బయటికి రాలేదు. తిరుగు దారంతా ఆమె కిటికీలోంచి చూస్తూ ఏడ్చింది.

బావిలో సిమెంటు పోశారు. తోట ఎండింది. ఔదే జర్ఖా నగరంలో కూతురి దగ్గరికి చేరాడు. పండగకి రుదైనా ఫోను చేస్తే కూతురే మాట్లాడేది.

రెండేళ్ళు గడిచాయి. గుర్తుంచుకున్నది రుదైనానే. కొలతలు తీయించింది. నీరు మునుపటిలాగే దిగుతోంది, చిన్న బావులు మూసినా పెద్దగా తేడా లేదు. ఫలితం ప్రకటించక తప్పలేదు. పత్రికలు రాశాయి, పట్నంలో జనం గొడవ చేశారు. అప్పటికి అధ్యక్షుడు మారాడు. పెద్ద పొలాల నీటికి కోత పెట్టారు. ఆ మరుసటి ఏడు మొదటిసారిగా నీరు దిగడం నెమ్మదించింది.

ఆ వార్త పట్టుకుని ఆమె జర్ఖా వెళ్ళింది. నన్నూ రమ్మంది. ఔదే బాగా చిక్కిపోయాడు. మొత్తం విన్నాడు.

"ఇది మీకు అప్పుడే తెలుసు."

"తెలుసు మామయ్యా."

"తెలిసీ నా చెట్లు పోయేదాకా ఆగారు."

ఆమె అవునన్నట్టు తలూపింది. ఆయనే మళ్ళీ అడిగాడు: "ఆ మేత పొలాల్లో ఈజిప్టు కూలీలు ఉండేవాళ్ళు. నీళ్ళు కోసేశాక వాళ్ళేమయ్యారు?"

"చాలామందిని తీసేశారు."

"వాళ్ళకేమైనా ఇచ్చారా?"

"ఇవ్వాలని రాశాను. ఇంకా ఇవ్వలేదు."

"రాసి ఊరుకుంటే ఎలా?" అన్నాడు ఔదే. ఆ గొంతులో మునుపటి చురుకు కాస్త కనిపించింది. "వెళ్ళి మళ్ళీ అడుగు. ఇచ్చేదాకా అడుగు."

"అడుగుతాను మామయ్యా," అంది రుదైనా. మేం లేచాక ఆయన వీధి మలుపు దాకా మాతో నడిచి వచ్చాడు.